దగ్గరికెళ్తే మాయమయ్యే ముఖం: చక్ క్లోజ్ బొమ్మలూ మన ఫ్లెక్సీలూ

గుంటూరు అరండల్‌పేటలో ఒక ఫ్లెక్సీ షాపులో తొమ్మిదేళ్ళు డిజైనర్‌గా పనిచేశాను. ఆ తొమ్మిదేళ్ళూ నేను రోజూ విన్న మాట "కొంచెం తెల్లగా చెయ్యి తమ్ముడూ". దాని వెనకే "జుట్టు పెట్టు", "మచ్చ తీసెయ్", "మెళ్ళో గొలుసు వెయ్". పుట్టినరోజైనా, పదవొచ్చినా, పెద్దకర్మ అయినా మొహం పడాల్సిందే. ఆధార్ కార్డు మీద బొటనవేలంత ఉన్న ఫోటో తెచ్చి దాన్ని పది అడుగులు చేయమంటారు. చేసి చూపిస్తే రెండడుగులు వెనక్కి వేసి, తల ఓరగా వంచి, తీర్పు చెబుతారు: "పోలిక వచ్చింది" లేదా "పోలిక రాలేదు". మూడో మాట ఉండదు.

మా నాయనమ్మ పోయినప్పుడు ఆ ఫ్లెక్సీ నేనే చేయాల్సి వచ్చింది. ఆవిడకు ఉన్నది ఒకటే ఫోటో, ఎవరిదో పెళ్ళిలో వెనక వరసలో నిలబడింది. ముఖం మీద సగం నీడ. కోసి, పెంచి, నీడ తీసి, వాళ్ళూ వీళ్ళూ చెప్పినట్టు పట్టుచీర కట్టి, చెవులకి కమ్మలు పెట్టి ఇంటికి పంపాను. అందరూ పోలిక బాగా కుదిరిందన్నారు. మా బాబాయి మాత్రం కాసేపు చూసి, "అమ్మే గానీ, అమ్మలా లేదురా" అన్నాడు. ఆ మాట అర్థం కావడానికి నాకు చాలా కాలం పట్టింది. అర్థం చేయించినవాడు మన ఊరివాడూ కాదు, మన దేశంవాడూ కాదు. చక్ క్లోజ్ అనే అమెరికా చిత్రకారుడు.

1940లో పుట్టి 2021లో పోయిన ఈ మనిషి యాభై ఏళ్ళకు పైగా దాదాపు ఒకే పని చేశాడు. ముఖాలు వేశాడు. చేతులు లేవు, చెట్లు లేవు, వెనక గది లేదు. మెడ నుంచి జుట్టు దాకా ఒక్క తల, అదీ గోడంత. వీటిని పోర్ట్రెయిట్లు అనేవాడు కాదు, "తలలు" అనేవాడు. మొదట్లో నాకది పొగరు మాటలా అనిపించింది. కాదని తర్వాత తెలిసింది.

అతన్ని గురించి ముందుగా చెప్పుకోవాల్సిన సంగతి వింటే ఎవరైనా రెండోసారి అడుగుతారు. అతనికి ముఖాలు గుర్తుండవు. కళ్ళు బాగానే పనిచేస్తాయి, మెదడులో ముఖాలను గుర్తుపట్టే పనే సరిగా సాగదు. నిన్న గంట సేపు మాట్లాడిన మనిషి ఇవాళ ఎదురుపడితే కొత్తవాడే. తల కాస్త తిప్పితే చాలు, అది ఇంకో ముఖం. ఫోటోలా బల్లపరుపుగా చేస్తే మాత్రం ఆ ముఖం మనసులో నిలుస్తుందని ఆయనే చెప్పుకున్నాడు. అందుకే మనిషిని ఎదురుగా కూర్చోబెట్టుకుని ఎప్పుడూ బొమ్మ వేయలేదు. ముందు ఫోటో తీయడం, దాని మీద గళ్ళు గీయడం, ఒక్కో గడినీ పెద్ద కాన్వాసు మీదికి ఎక్కించడం. పద్ధతి అంతే.

గళ్ళు అనగానే విజయవాడవాళ్ళకు వేరే సంగతి గుర్తురావాలి. గాంధీనగర్ సినిమా ఆఫీసుల చుట్టుపక్కల ఒకప్పుడు బ్యానర్లు వేసేవాళ్ళు ఇదే పని చేసేవారు. నా చిన్నప్పుడు సెలవులకి అక్కడ మా మేనత్త ఇంటికి వెళ్తే, సందు చివర షెడ్డులో ఒకాయన హీరో తల వేయడం గంటల తరబడి చూసేవాణ్ణి. చేతిలో ఫోటో, దాని మీద పెన్సిల్ గళ్ళు. గుడ్డ మీద సుద్ద పూసిన దారాన్ని ఇద్దరు చెరో చివర పట్టుకుని, మధ్యలో లాగి వదిలితే టప్‌మని గీత పడేది. అలా నిలువు గీతలు, అడ్డ గీతలు. తర్వాత గడి వెంట గడి. చెవి ఉన్న గడి, చెంప ఉన్న గడి, ఏమీ లేని గడి. మధ్యాహ్నం దాకా చూసినా ఎవరి బొమ్మో నాకు తెలిసేది కాదు. ఆయనకి మాత్రం తెలియాల్సిన పనే లేదు, గడిలో ఉన్నది గడిలో దించితే చాలు. సాయంత్రం గుడ్డను గోడకి నిలబెట్టేసరికి మీసం మెలేసి హీరో. కళ్ళు మాత్రం గళ్ళ లెక్కలో వేసేవాడు కాదు, చివరికి ఉంచుకుని, దూరంగా వెళ్ళి చూస్తూ చేతి వాటంగా దిద్దేవాడు. పని అయ్యాక తడిగుడ్డతో సుద్ద గీతలన్నీ తుడిచేసేవాడు.

క్లోజ్‌ని అర్థం చేసుకోవడానికి ఆ తడిగుడ్డే దారి. మన బ్యానర్ ఆర్టిస్టుకి గళ్ళు పరంజా లాంటివి. ఇల్లు లేచాక పరంజా తీసేస్తాం కదా. మొదట్లో క్లోజ్ కూడా తీసేశాడు. 1967–68లో వేసిన అతని పెద్ద స్వీయచిత్రం దాదాపు 9 అడుగుల ఎత్తు, 7 అడుగుల వెడల్పు. నలుపు తెలుపు. చెదిరిన జుట్టు, పెదవుల మధ్య సిగరెట్. ఇప్పుడది మినియాపొలిస్‌లోని వాకర్ ఆర్ట్ సెంటర్‌లో ఉంది. దాన్ని చూసినవాళ్ళు ఎవరైనా "అచ్చం ఫోటోలా ఉంది" అంటారు. మన దగ్గర అది పెద్ద మెచ్చుకోలు. కానీ అక్కడే ఒక పొరపాటు దొర్లుతుంది. ఆ బొమ్మలో కళ్ళూ పెదవులూ చురుగ్గా ఉంటాయి, చెవులు మసకగా ఉంటాయి. మన కంటికి మనిషి అలా కనపడడు, కెమెరా ఫోకస్‌కి అలా కనపడతాడు. అంటే క్లోజ్ వేసింది మనిషిని కాదు. మనిషి ఫోటోని, దాని తప్పులతో సహా. ఫోటోలా ఉండటం అతనికి గొప్ప కాదు, అదే అసలు వస్తువు. తెల్లరంగు వాడకుండా, కాన్వాసు తెలుపునే తెలుపుగా వదిలి, పలచటి నల్లరంగు చల్లుతూ, బ్లేడుతో గీకుతూ వేశాడు.

తర్వాత ఇంకా వింత పని మొదలుపెట్టాడు. ఫ్లెక్సీ షాపులో పనిచేసినవాళ్ళకి ఇది మిగతావాళ్ళ కంటే బాగా అర్థమవుతుంది. మిషన్‌లో నాలుగు రంగులే ఉంటాయి కదా, నీలం, గులాబీ, పసుపు, నలుపు. ఈ నాలుగు చుక్కల్లోంచే చర్మం రంగూ, పట్టుచీర రంగూ వస్తాయి. క్లోజ్ నలుపు కూడా తీసేసి మూడే ఉంచుకున్నాడు. ఆ మూడు రంగుల పొరలను ఒకదాని మీద ఒకటి చేత్తో వేశాడు. ఇలా 1978–79లో వేసిన 'మార్క్' అనే బొమ్మకు 14 నెలలు పట్టింది. మా షాపు మిషన్ అదే సైజు ముఖాన్ని నేను టీ తాగి వచ్చేలోపు తీసి పడేస్తుంది. మిషన్ చేసే పనిని మనిషి ఏడాదికి పైగా చేయడం పిచ్చిగానే ఉంటుంది. కానీ ఆ పిచ్చిలో ఒక ప్రశ్న ఉంది: చర్మం రంగు అనేది ఎక్కడుంది? కాన్వాసు మీద లేదు, అక్కడున్నవి మూడు రంగులే. చూసేవాడి కంట్లో ఉంది.

ఈ కంటి సంగతి కాస్త వివరంగా చెప్పాలి. తర్వాతి బొమ్మలన్నీ దీని మీదే నిలబడ్డాయి.

ఆధార్ ఫోటోని కంప్యూటర్‌లో పెంచుకుంటూ పోతే ఒక దశలో ముఖం గళ్ళుగా విడిపోతుంది. ఇక లాభం లేదనిపిస్తుంది. అప్పుడు కళ్ళు సగం మూసి చూడండి, లేదా కుర్చీ వెనక్కి జరపండి. ముఖం తిరిగొస్తుంది. 1973లో అమెరికాలోని బెల్ ల్యాబ్స్ అనే పరిశోధనశాలలో పనిచేసే లియోన్ హార్మన్ అబ్రహాం లింకన్ ముఖాన్ని కొన్ని వందల గళ్ళకి కుదించి ఇదే చూపించాడు. ఒక్కో గడిలో ఒకే బూడిద రంగు, అయినా దూరం నుంచి లింకనే. కారణం ఏమిటంటే, గళ్ళ అంచులు పదునుగా ఉండి కంటిని తమ వైపు లాక్కుంటాయి. కళ్ళు చికిలిస్తే ఆ పదును పోయి, లోపలున్న పెద్ద పెద్ద వెలుగునీడలు మిగులుతాయి. కనుబొమల కింద చీకటి, ముక్కు మీద వెలుగు, పెదవి కింద నీడ. ముఖాన్ని పోల్చుకోవడానికి మనకి చాలావరకు ఆ మాత్రం చాలు. గుంటూరు లాడ్జి సెంటర్‌లో కట్టే 20 అడుగుల ఫ్లెక్సీకి 72 రిజల్యూషన్, అంటే అంగుళానికి 72 చుక్కలు, సరిపోవడం వెనక రహస్యం కూడా ఇదే. దగ్గరికెళ్తే చుక్కలు, రోడ్డు అవతల నుంచి నాయకుడు.

1980ల మధ్య నుంచి క్లోజ్ ఈ మాయని దాచడం మానేశాడు. అంటే తడిగుడ్డ పక్కన పడేశాడు. గళ్ళు గళ్ళుగానే కనపడతాయి, ఒక్కో గడి లోపల ఒక చిన్న బొమ్మ. వలయంలో వలయం, లేదా గుడ్డు ఆకారం, లేదా వంకర గీత. నారింజ పక్కన ఊదా, దాని నడుమ ఆకుపచ్చ చుక్క. దగ్గర నిలబడితే మిఠాయి కొట్టు అద్దాల అరలా ఉంటుంది, ముఖం వాసన కూడా ఉండదు. వెనక్కి నడుస్తుంటే ఒకచోట ముక్కు పైకి లేస్తుంది. ఇంకో అడుగు వేస్తే మనిషి మనల్ని చూస్తుంటాడు. ఆ "ఒకచోట" ఎక్కడో కొలవాలని న్యూయార్క్ శాస్త్రవేత్త డెనిస్ పెల్లి ఈ బొమ్మల ముందే ప్రయోగం చేసి 1999లో సైన్స్ పత్రికలో రాశాడు. గడి పెద్దదైన కొద్దీ ముక్కు తేలే దూరం కూడా పెరుగుతుంది. మనం ఆకారాన్ని చూడటంలో సైజుకి పాత్ర ఉందని దాని సారాంశం. ఒక చిత్రకారుడి బొమ్మలు కంటి పరిశోధనకి సామగ్రి కావడం అరుదు.

ఇక్కడ తరచూ చెప్పే కథ ఒకటుంది, దాన్ని సరిచేయాలి. 1988 డిసెంబరులో వెన్నులోని ఒక రక్తనాళం దెబ్బతిని క్లోజ్‌కి మెడ కింద నుంచి పక్షవాతం వచ్చింది. కొంత కదలిక తిరిగొచ్చింది గానీ మిగతా జీవితమంతా చక్రాల కుర్చీలోనే. కుంచెని మణికట్టుకి కట్టుకుని వేసేవాడు. పెద్ద కాన్వాసు కిందికీ పైకీ జరిగేలా స్టూడియో నేలలో సందు చేయించుకున్నాడు. చేతులు సరిగా ఆడక ఆ గళ్ళ శైలి పుట్టిందని చాలామంది రాస్తారు. వినడానికి బాగుంటుంది కూడా, కష్టంలోంచి కళ అన్న మాట ఎవరికి చేదు? కానీ న్యూయార్క్ మెట్రోపాలిటన్ మ్యూజియంలో ఉన్న 'లూకాస్' అనే బొమ్మ 1986–87 నాటిది. అందులో అప్పటికే రంగుల గళ్ళు విచ్చుకుని, ముఖం నడుమ నుంచి చక్రంలా తిరుగుతుంటాయి. అతను ఎటు పోతున్నాడో జబ్బుకి ముందే తేలిపోయింది. జబ్బు తర్వాత గళ్ళు ఇంకా స్వేచ్ఛగా, రంగులు ఇంకా హుషారుగా మారాయి, అంతవరకు నిజం.

ఇంతకీ మా బాబాయి మాటకి ఇందులో జవాబు ఎక్కడుంది? క్లోజ్ బొమ్మలన్నీ పోలికనే తవ్వుతాయి. పోలిక ఎక్కడ పుడుతుంది, ఎంత తగ్గిస్తే పోతుంది, ఎంత దూరంలో తిరిగొస్తుంది. కానీ ఒక మనిషిని మనకి గుర్తుచేసేది పోలిక ఒక్కటే కాదు. తెలుగులో దానికి ఇంకో మంచి మాట ఉంది, ఆనవాలు. లంకలో హనుమంతుడు సీతమ్మకి రాముడి పటం చూపించలేదు, ఉంగరం చూపించాడు. ఆవిడ తిరిగి ఇచ్చింది చూడామణి. ఆ రెంటిలోనూ ముఖం లేదు, మనిషి మాత్రం ఉన్నాడు. వింత పోర్ట్రెయిట్లన్నింటినీ ఒకే గాటన కట్టి తికమకపడే బదులు, ఈ రెండు మాటలతో విడదీస్తే చాలా ముడులు విప్పుకుంటాయని నా లెక్క.

మన పక్కనే చూడండి. తెనాలి సూర్య శిల్పశాలవాళ్ళు 2021లో ఇనుప తుక్కుతో ప్రధాని మోదీది 14 అడుగుల విగ్రహం చేశారు. నట్లతో గాంధీగారినీ చేశారు. ఎంత ఓపిక! కానీ సరుకు మారింది గానీ లెక్క మారలేదు. నట్టు నట్టు కలిసి దూరం నుంచి గాంధీ కావాలి, కాకపోతే ఓడినట్టే. బియ్యపు గింజ మీద, ఆకు మీద ముఖాలు చెక్కేవాళ్ళదీ అదే లెక్క. ఇది తక్కువ చేసి అనడం కాదు, ఇదంతా పోలిక పక్షం అంటున్నానంతే.

ఆనవాలు పక్షం వేరు. ఫెలిక్స్ గొంజాలెజ్-టోరెస్ అని క్యూబాలో పుట్టి అమెరికాలో స్థిరపడ్డ కళాకారుడు. 1991లో అతని సహచరుడు రాస్ ఎయిడ్స్‌తో పోయాడు. అదే ఏడాది అతను రాస్ పోర్ట్రెయిట్ అని పేరు పెట్టి గది మూలలో రంగు కాగితాలు చుట్టిన చాక్లెట్లు కుప్ప పోశాడు. ఉండాల్సిన బరువు 175 పౌన్లు, అంటే సుమారు 79 కిలోలు. రాస్ ఆరోగ్యంగా ఉన్నప్పటి బరువుకి అది గుర్తని చాలామంది చెబుతారు. వచ్చినవాళ్ళు ఒక్కో చాక్లెట్ తీసుకుని నోట్లో వేసుకోవచ్చు. కుప్ప కరుగుతుంది, జబ్బుమనిషి తూకం తగ్గినట్టు. మ్యూజియంవాళ్ళు తలచుకుంటే మళ్ళీ నింపొచ్చు. ముఖం ఎక్కడా లేదు. ఇదేం బొమ్మ అని విసుక్కునేవాళ్ళని నేను తప్పుపట్టను, మొదటిసారి చదివినప్పుడు నేనూ నవ్వాను. కానీ ఆస్పత్రి మంచం పక్కన కూర్చుని వారం వారం తగ్గే తూకం చూసినవాళ్ళకి ఇది వివరించాల్సిన పని లేదు.

మనకిది కొత్తగా నేర్చుకోవాల్సిన విద్య కూడా కాదు. అమరావతి స్తూపం రాళ్ళు చూడండి. తొలినాటి శిల్పాల్లో బుద్ధుడు మనిషి రూపంలో ఉండడు. బోధివృక్షం కింద ఖాళీ ఆసనం ఉంటుంది, చక్రం గుర్తున్న పాదాలు ఉంటాయి. చుట్టూ జనం చేతులు జోడించి ఆ ఖాళీకే మొక్కుతుంటారు. ఇవి బుద్ధుడి బదులుగా చెక్కినవా, లేక యాత్రికులు మొక్కిన పవిత్ర స్థలాల బొమ్మలా అని పండితులు ఇప్పటికీ వాదించుకుంటూనే ఉన్నారు. అమరావతి నుంచి లండన్ బ్రిటిష్ మ్యూజియానికి చేరిన రాళ్ళలో ఒకటి నాకు మరీ ఇష్టం. దానికి ఒక పక్క, క్రీస్తుపూర్వం ఒకటో శతాబ్దంలో చెక్కిన చెట్టూ ఖాళీ ఆసనమూ. కొన్ని వందల ఏళ్ళ తర్వాత, సుమారు క్రీ.శ. 3వ శతాబ్దంలో, అదే రాయిని తిప్పి రెండో పక్క స్తూపం చెక్కారు. ఆ స్తూపం వాకిట్లో బుద్ధుడు మనిషిగా నిలబడి ఉన్నాడు. ఒకే రాయి, ఒక మొహాన ఆనవాలు, ఇంకో మొహాన రూపం. రూపమే గానీ అది పోలిక కాదు, చెక్కినవాళ్ళెవరూ ఆయన్ని చూసి ఉండరు.

క్లోజ్ దగ్గరికి మళ్ళీ వస్తాను, ఎందుకంటే అతని ఒక్క బొమ్మలో ఈ రెండు పక్షాలూ కలుస్తాయి. 1985లో వేసిన 'ఫ్యానీ'. అతని భార్య అమ్మమ్మ. నాజీల ఊచకోతలో పెద్ద కుటుంబమంతా పోగా మిగిలిన ఒక్క మనిషి. ఎనిమిదిన్నర అడుగుల ఆ ముఖానికి క్లోజ్ కుంచె వాడలేదు. వేలు సిరాలో ముంచి అద్దాడు, గట్టిగా అద్దినచోట నలుపు, తేలిగ్గా అద్దినచోట బూడిద. ఆ ముడతలూ, మెడ మీద వేలాడే చర్మం, కళ్ళలో తడి, అన్నీ వేలిముద్రలే. పోలిక ఆవిడది, ఆనవాలు అతనిది. ముఖాలు గుర్తుంచుకోలేని మనిషి ఒక ముసలావిడ చెంపని అంగుళం అంగుళం వేలితో తాకినట్టు లెక్క. ఇతని తలల్లో మిగతావన్నీ నేను మెచ్చుకుంటాను. ఇదొక్కటి మాత్రం చూస్తూ ఉండలేను.

ఇంకో సంగతి కూడా చెప్పకపోతే అన్యాయం. పోజు ఇవ్వడానికి స్టూడియోకి పిలిచి తమతో అసభ్యంగా మాట్లాడాడని 2017లో కొందరు మహిళలు బయటికొచ్చి చెప్పారు. ఇబ్బంది పెట్టి ఉంటే క్షమించమన్నాడు క్లోజ్. 2018లో వాషింగ్టన్ నేషనల్ గ్యాలరీ అతని ప్రదర్శనని ఆపేసింది. 'ఫ్యానీ' ఉన్నది ఆ గ్యాలరీలోనే. ఈ రెండింటినీ ఎలా కలిపి చూడాలో నాకు సులువైన జవాబు లేదు. తన బొమ్మల్లోవాళ్ళని మనుషులు అనకుండా తలలు అన్నవాడి మాట మాత్రం అప్పటి నుంచి నా చెవికి వేరేగా వినపడుతోంది.

మా నాయనమ్మ నలభై ఏళ్ళు మిరపకాయల తొడిమలు తీసింది. సీజన్‌లో పొద్దున్న పోతే పొద్దుగూకాక వచ్చేది, వచ్చాక కూడా వేళ్ళు మండుతున్నాయని మజ్జిగలో ముంచుకుని కూర్చునేది. చివరి రోజుల్లో రేషన్ కొట్టు దగ్గర మిషన్ మీద వేలు పెడితే ముద్ర పడేది కాదు. గీతలు అరిగిపోయాయి. బొటనవేలు కాదంటే చూపుడువేలు, అదీ కాదంటే ఎడమచెయ్యి, కొంగుతో తుడిచి మళ్ళీ మళ్ళీ. మెళ్ళో గొలుసు గానీ పట్టుచీర గానీ నేనెప్పుడూ చూడలేదు. ఆవిడ అంటే నాకు ఆ వేళ్ళు. ఫోటోలో అవి లేవు, ముందు వరసలో కూర్చున్నవాళ్ళ తలల వెనక దాగిపోయాయి. పోలిక తెచ్చాను గానీ ఆనవాలు తేలేదు. బాబాయి అన్నది అదేనని ఇప్పుడనుకుంటున్నాను.

ఆ ఫ్లెక్సీ పెద్దకర్మ అయిన నాలుగు రోజులకి విప్పేశారు. మొన్న ఊరెళ్తే కళ్ళంలో కనపడింది. మబ్బు పట్టిందని బాబాయి దాన్ని ఎండుమిరపకాయల రాశి మీద కప్పి, నాలుగు మూలలా రాళ్ళు పెట్టాడు. పైకి తెల్లటి వెనక వైపే కనపడుతోంది. అమ్మ మొహం మీద వాన పడటం ఎందుకని బొమ్మ లోపలికి తిప్పి, కాయల మీదికి వేశాడట.